చూస్తేనే మాట్లాడే తెర

కెనడాలో తెలుగువాడి ఉనికిని ప్రపంచం గుర్తించే రోజు రానే వచ్చిందని గ్వెల్ఫ్ తెలుగు సంఘం అధ్యక్షులు జనార్ధనరావుగారు ప్రకటించారు. ప్రకటన వాట్సాప్‌లోనే వచ్చినా, లేచి నిలబడి చదవాలనిపించేంత గంభీరంగా ఉంది. వర్ష అనే డిజిటల్ ఆర్టిస్ట్ తయారుచేసిన తెరను, విదేశీ విద్యార్థుల వ్యవహారాలు చూసే మంత్రిగారు స్వయంగా ఆవిష్కరిస్తారట. హాలు చిన్నది కాబట్టి విద్యార్థులను మాత్రం పిలవలేదు.

వర్షకి గుర్తింపు మీద పెద్ద మోజేం లేదు. ఆమె చదివే కాలేజీ కోర్సు మధ్యలో తలుపులు మూసేసింది. వేరే కాలేజీలో సీటు దొరికేదాకా స్టడీ పర్మిట్లు పొడిగించండి, లేకపోతే దేశం వదిలిపోవాలి అని క్లాసంతా మంత్రిగారికి మెయిల్స్ పెడితే ఉలుకూ లేదు పలుకూ లేదు. అందుకే ఆ తెర చేసింది. పైన కెమెరా ఉంటుంది. ఎదురుగా ముఖం కనిపిస్తే చాలు, అదే ముఖం తెరమీద కరిగి ఒక విద్యార్థి ముఖమై తన గోడు చెప్పుకుంటుంది. ముఖం తిప్పుకుంటే తెర ఆరిపోతుంది.

"మంత్రిగారు కాసేపు దానివైపు చూస్తే చాలు అంకుల్," అంది వర్ష.

"చూడక ఏం చేస్తారమ్మా, వస్తున్నదే అందుకాయె," అన్నారు జనార్ధనరావుగారు.

ఆయన ఏ లోటూ రానిచ్చే మనిషి కాదు. మంత్రిగారి నిలువెత్తు కటౌట్ చేయించి గుమ్మంలో పెట్టించారు. కటౌట్ లేకుండా మంత్రిని పిలవడం ఆయన పెరిగిన గుంటూరులో మర్యాద కాదు. మంత్రిగారు తనను తానే గుమ్మంలో చూసుకుని కాస్త బెదిరి, అలవాటు కొద్దీ షేక్‌హ్యాండ్ ఇవ్వబోయి సర్దుకున్నారు.

సభ దివ్యంగా జరిగింది. మంత్రిగారు రిబ్బన్ కట్ చేసి, ఫోటో కోసం వెంటనే తెరకు వీపు పెట్టి నిలబడ్డారు. శాలువా కప్పారు. కమిటీవారు, వారి సతీమణులు, స్పాన్సర్లు, రియల్ ఎస్టేట్ ఏజెంట్లు వంతులవారీగా వచ్చి ఆయన పక్కన నిలబడ్డారు. తెర పైనున్న కెమెరాకి వీపులు తప్ప ఇంకేం కనబడలేదు. తెర నల్లగా ఉండిపోయింది.

జనార్ధనరావుగారు మెల్లగా దగ్గరికొచ్చి, అది పాడైందా అని అడిగారు.

"బాగానే ఉందంకుల్. ఒక్కసారి ఆయన్ని ఇటు తిరగమనండి."

"ఫోటోలో మంత్రిగారి వీపు పడితే సంఘం పరువేం కావాలమ్మా?"

మంత్రిగారు ఆ నల్లటి తెర గురించే ప్రసంగించారు. ఈ మౌనంలో విద్యార్థుల ఆత్మ తనకు వినిపిస్తోందని, టెక్నాలజీ ఇంత లోతుగా మాట్లాడటం తానెన్నడూ ఎరగనని అన్నారు. హాలు చప్పట్లతో మార్మోగింది. వర్ష మైకు వైపు అడుగేసేలోగా ఆమెకూ ఒక శాలువా కప్పి కుర్చీలో కూర్చోబెట్టేశారు. ఆమెకి ఏడుపొచ్చింది. ఫోటోగ్రాఫర్ ఆ కన్నీళ్లను ఆనందబాష్పాలుగా భావించి దగ్గరికొచ్చి మరీ ఫోటో తీసుకున్నాడు. మంత్రిగారు ఇంకో ఫంక్షన్ ఉందని వెళ్లిపోయారు.

అందరూ పక్క హాల్లోకి భోజనాలకు కదిలారు. దారికి అడ్డంగా ఉందని ఎవరో కటౌట్‌ను ఎత్తుకొచ్చి తెరకు ఎదురుగా నిలబెట్టి పోయారు.

తెర వెలిగింది. మంత్రిగారి నవ్వుముఖం నెమ్మదిగా కరిగి, వర్ష క్లాస్‌మేట్ గోపీకృష్ణ ముఖమైంది. "సార్, మా కాలేజీ మూసేశారు," అని మొదలుపెట్టాడు. తర్వాత స్వీటీ చెప్పింది, ఆ తర్వాత తనీష్. పులిహోర అయిపోతోందన్న కంగారులో అవతల ఎవరికీ వినబడలేదు. వర్ష ఒక్కతే శాలువాతోనే నిలబడి వింది.

ఫోన్ మోగింది. పార్ట్‌టైమ్ పని షిఫ్టు మధ్యలోంచి గోపీకృష్ణ.

"ఏమైంది వర్షా, మంత్రిగారు విన్నారా?"

వర్ష కటౌట్ వైపు చూసింది.

"విన్నారు," అంది. "అందరిదీ ఆఖరిదాకా విన్నారు. నవ్వుతూనే."