అరవై మూడో నంబర్‌కు సన్మానం

"మన ఫుట్‌బాల్‌కు నూరేళ్లు నిండాయి!" అని కోట్స్‌బరో విశ్వవిద్యాలయం అధ్యక్షులు డాక్టర్ మెర్ల్ స్టాండిఫర్ గారు మైకులో ప్రకటించగానే స్టేడియమంతా చప్పట్లు కొట్టింది. నెబ్రాస్కాలో ఆ మూల మొక్కజొన్న తర్వాత చెప్పుకోదగ్గది ఆ జట్టే. పేరు మిడతలు. చరిత్ర చాలా పెద్దది. గెలుపులు మాత్రం, అధ్యక్షుల వారి మాటల్లో, "ఏరి కూర్చినవి".

హుల్డా క్రోకర్ కూడా చప్పట్లు కొట్టింది. ఆవిడ మనవడు వెండెల్ ఆ జట్టులో ఉన్నాడు. ఇది వాడికి నాలుగో ఏడు, ఆఖరి ఏడు. ప్రతి ఆటకూ ఆవిడ ఫ్లాస్కులో కాఫీ పోసుకుని వచ్చి, బెంచీ మీద కూర్చున్న మనవణ్ణి తృప్తిగా చూసి వెళ్తుంది. వాడు ఒక్కసారి మైదానంలోకి దిగితే చూడాలని కోరిక. ఈ అమెరికా ఫుట్‌బాల్‌లో హెల్మెట్ల వెనక మొహాలు కనబడవు గనక వీపు మీది నంబరే గుర్తు. వాడిది పన్నెండు.

"ఈ శుభసమయంలో పన్నెండో నంబర్‌కు శాశ్వత విశ్రాంతి ఇస్తున్నాం," అన్నారు అధ్యక్షులు.

గొప్ప ఆటగాడు వెళ్లిపోయాక అతని నంబర్ ఇంకెవరికీ ఇవ్వకుండా చొక్కాను గోడకెక్కించడం ఆ ఆటలో ఉన్న ఆచారమే. ఈ పన్నెండు గవర్నర్ గారికి. ఆయన ఫుట్‌బాల్ ఆడలేదు. కానీ ఒకసారి కారులో అటుగా వెళ్తూ మైదానం వైపు చెయ్యి ఊపారు.

"నా చొక్కా ఒక్కటే నలగలేదని నాదే తీసుకున్నారు నానమ్మా," అన్నాడు వెండెల్.

"పోనీలేరా. నలభై ఏడు ఇచ్చారుగా, అదీ అంకేగా."

ఆ నలభై ఏడు వారం తిరక్కుండా ప్రతిపక్ష నాయకుడికి వెళ్లింది. విద్యాలయానికి రాజకీయాలు అంటకూడదు గనక రెండు పార్టీలనూ సమానంగా సన్మానించాలని కమిటీ తీర్మానించింది. పన్నెండు కంటే నలభై ఏడు పెద్దదని గవర్నర్ మనుషులు అలిగారు. ఆయనకు ఎనభై ఎనిమిది కూడా ఇచ్చారు. దాంతో అవతలివాళ్లు అలిగారు. సమానత్వం అలా కొనసాగింది. రోడ్ల కమిషనర్ గోడకెక్కారు. మొక్కజొన్న బోర్డు చైర్మనూ, ఆయన బావమరిదీ ఎక్కారు. ఒక సెనేటర్ తీరిక లేక తన గుర్రాన్ని పంపారు. ఆ సీజన్‌లో మిడతల తరఫున మైదానం చివరి గోల్ గీత దాకా పరిగెత్తింది అదొక్కటే. దానికీ ఒక నంబర్ ఇచ్చారు.

చొక్కాలు గోడకెక్కే కొద్దీ ఆటగాళ్లు స్టాండ్స్‌లోకి ఎక్కారు. కోచ్ డ్వేన్ పొస్పిషిల్ అధ్యక్షుల దగ్గరికి వెళ్లి మొరపెట్టుకున్నాడు.

"సార్, తొంభై తొమ్మిది దాటితే రూల్స్ ఒప్పుకోవు. నంబర్లు అయిపోతున్నాయి."

"సంతోషం! ఇన్ని నంబర్లు గోడకెక్కించిన జట్టు ఇంకోటి చూపించండి."

"ఆడేవాళ్లకి చొక్కాల్లేవు సార్."

"మీతో ఇదే చిక్కు కోచ్ గారూ. మేం చరిత్ర గురించి మాట్లాడుతుంటే మీరు శనివారం గురించి మాట్లాడతారు."

ఆఖరి ఆట నాటికి పదకొండు నంబర్లు మిగిలాయి, ఆడటానికి సరిగ్గా సరిపోయేటన్ని. అరవై మూడు వేసుకునే కుర్రాడికి చీలమండ విరిగింది. వెండెల్ నానమ్మకు ఫోన్ చేశాడు.

"రేపు మొదటి నుంచీ నేనే నానమ్మా. అరవై మూడు. బాగా చూడు."

"ఈసారైనా చొక్కా మాపుకుని రారా. నేనే ఉతుకుతా."

మర్నాడు హుల్డా అందరికంటే ముందే వచ్చి కూర్చుంది. పక్క సీటు వెర్నన్ టిచీ దాల్చినచెక్క రొట్టె నములుతూ, "వాడు లేకపోతే బెంచీ బెంగ పెట్టుకోదూ?" అన్నాడు.

"నీ నోరు ఆ రొట్టెకే వాడుకో వెర్నన్."

జట్టు మైదానంలోకి వచ్చింది. అరవై మూడు కనబడగానే హుల్డా లేచి నిలబడింది. అధ్యక్షులు మైకు అందుకున్నారు.

"నూరేళ్లలో మనం ఒక్క ఆటగాణ్ణి కూడా సన్మానించలేదని ఒక పత్రిక రాసింది. న్యాయమైన విమర్శ. అందుకే ఇవాళ ఒక్క తప్పూ చేయని, ఒక్కసారీ కింద పడని మన ఆటగాడు వెండెల్ క్రోకర్‌ను సత్కరిస్తున్నాం. ఈ క్షణం నుంచి అరవై మూడు ఇంకెవరూ వేసుకోరు!"

బ్యాండు మోగింది. ఇద్దరు కమిటీ సభ్యులు వచ్చి వెండెల్ ఒంటిమీది చొక్కా జాగ్రత్తగా విప్పి గాజు పెట్టెలో పెట్టారు.

"సార్, ఆట అయ్యాక తీసుకోండి సార్," అన్న వాడి మాట మైకులో అందరికీ వినబడింది.

"చూశారా, ఎంత నిరాడంబరుడో!" అన్నారు అధ్యక్షులు. జనం మరింత గట్టిగా చప్పట్లు కొట్టారు.

రిఫరీ కోచ్ దగ్గరికి వచ్చాడు. "పదిమందేనా?"

"పదకొండుమందితో ఓడటం మాకు అలవాటే. ఇదీ చూద్దాం," అన్నాడు కోచ్.

వెండెల్ భుజాల మీది రక్షణ కవచాలతోనే మెట్లెక్కి వచ్చి నానమ్మ పక్కన కూర్చున్నాడు. వెర్నన్ రొట్టె వదిలేసి వాడి చెయ్యి పట్టుకుని ఊపాడు. "నీ వంశం తరించింది హుల్డా!" హుల్డా ఫ్లాస్కు మూతలో కాఫీ పోసి మనవడి చేతిలో పెట్టింది.

ఆట మొదలైన కాసేపటికి మిడతల్లో ఒకడు కుంటుతూ బయటికొచ్చాడు. కోచ్ ఖాళీ బెంచీ వైపు చూశాడు. తర్వాత స్టాండ్స్ వైపు చూశాడు. వెండెల్ కాఫీ కింద పెట్టి లేచి నిలబడ్డాడు.

"అదిగో మన అరవై మూడు!" అన్నారు అధ్యక్షులు మైకులో.

స్టేడియమంతా లేచింది. చప్పట్లు చాలాసేపు మోగాయి. మైదానంలో తొమ్మిదిమంది కూడా ఆగి కొట్టారు. తర్వాత అందరూ కూర్చున్నారు, ఆట మళ్లీ మొదలైంది. వెండెల్ ఇంకా నిలబడే ఉన్నాడు.

"కూర్చో బాబూ," అన్నారు వెనక వరుసలోంచి ఎవరో. "ఆట కనబడ్డం లేదు."