మూడో అంతస్తులో అస్తిత్వం

కొంపల్లిలోని మా సౌహార్ద ఎన్‌క్లేవ్‌లో జాతి వివక్ష సంపూర్ణంగా నిర్మూలించబడిందని తెలియజేయడానికి సంతోషిస్తున్నాం. సమోసాల విరామంతో కలిపి రెండు గంటలు పట్టింది.

ఆ శనివారం మా యువజన చిత్ర సమితి క్లబ్‌హౌస్‌లో ఒక విదేశీ డాక్యుమెంటరీ చూసింది. అక్కడెక్కడో నల్లవాళ్లకు తెల్లవాళ్లు ఇళ్లు అద్దెకివ్వరట. మనుషులు ఇలా కూడా ఉంటారా అని సమితి సభ్యురాలు తృప్తి కళ్లు తుడుచుకుంది. సమితి అధ్యక్షుడు అన్వేష్ వెంటనే, అస్తిత్వం మీద మనమూ ఒక సినిమా తీయాలని ప్రకటించాడు. అందుకు అస్తిత్వం ఉన్న మనిషి కావాలి. మా పిల్లలకు అలాంటిదేమీ లేదు, వాళ్లు మామూలు మనుషులు.

అదృష్టవశాత్తు సైమా ఉంది. అన్వేష్‌తో డిగ్రీ చదివింది. ఊరు లాల్‌గడి మలక్‌పేట్ అనే పల్లె, ఉద్యోగం కొంపల్లిలో. షిఫ్టు దిగాక ఊరికి బస్సు దొరకదు. దగ్గర్లో ఇల్లు చూసుకో, లేదంటే ఉద్యోగం మానెయ్యి అన్నారు ఇంట్లో. మా బి బ్లాకు మూడో అంతస్తులో ఖాళీగా ఉన్న ఫ్లాట్ అడిగింది. అసోసియేషన్ కార్యదర్శి వీరేందర్ గారు మర్యాదగా కూర్చోబెట్టి, మంచినీళ్లిచ్చి, పేరు కనుక్కుని, రంగులు వేయిస్తున్నామని చెప్పారు. ఆర్నెల్లయినా ఆ రంగులు ఆరలేదు.

సినిమాలో సైమా తన కథే చెప్పాలి. షూటింగ్‌కు వీరేందర్ గారు అదే ఫ్లాట్ ఉచితంగా ఇచ్చి కళాసేవ చేశారు. తాళం తీయగానే సైమా వంటింట్లోకి వెళ్లి నల్లా తిప్పి చూసి, హాల్లోకి వచ్చింది. "అమ్మీ వస్తే మంచం గీడ వడ్తది" అనుకుంది పైకే.

"నీ తెలుగు మరీ మంచిగున్నది, చూసెటోళ్లు నమ్మరు. జర ఉర్దూ కలుపు" అన్నాడు అన్వేష్.

"మా అబ్బా ఎడ్లతోని గూడ తెలుగే మాట్లాడ్తడు."

"గది సినిమాకు పనికిరాదు."

సైమా ఎన్నడూ వేసుకోని బుర్ఖాను తృప్తి ఆన్‌లైన్‌లో తెప్పించింది. ఆమె తెలుగు మాటల కింద తెలుగు అక్షరాలు వేశారు. సినిమా చూస్తే వీరేందర్ సార్ మనసు కరుగుతుందని సైమా అన్నిటికీ సరేనంది.

సార్ మనసు నిజంగానే కరిగింది. ప్రదర్శన రోజు రుమాలు తడిసిపోయింది. "ఈ బిడ్డకు ఇల్లు నిరాకరించిన సమాజం సిగ్గుతో తలదించుకోవాలి. అది ఎక్కడున్నా సరే, మన ఎన్‌క్లేవ్ ముక్తకంఠంతో ఖండిస్తున్నది" అన్నారు. చప్పట్లు చాలాసేపు ఆగలేదు.

చప్పట్లు ఆగాక సైమా ఆయన దగ్గరికి వెళ్లింది. "సార్, ఇగ గా ఫ్లాట్ నాకిస్తరా? లేకుంటె నౌకరి ఇడిసిపెట్టాలె."

"అయ్యో బిడ్డా, జర ముందుగాల అడగకపోతివి. ఇయ్యాల్నే మన సినిమా పోరగాళ్లు కొత్తగ పెడ్తున్న అస్తిత్వ అధ్యయన కేంద్రానికి ఇచ్చినం. మీ అసొంటోళ్ల కోసమే గద."

సైమా ఉద్యోగం మానేసింది. కేంద్రం ప్రారంభోత్సవానికి ఆమెనే ముఖ్య అతిథిగా పిలిచాం. పూలదండ కూడా తెప్పించాం. రాలేదు. ఎంత పిలిచినా వీళ్లు మనతో కలవరని అందరం బాధపడ్డాం. మీకు తెలియనిదేముంది, మీ అపార్ట్‌మెంట్‌లోనూ వాళ్లెవరూ లేరు కదా.