మోరీ మీద దావా

ఆ సోమవారం పొద్దున సూర్యారావు వేసుకున్న పథకం చాలా చిన్నది. సర్పంచి ఇంటికి వెళ్లి గల్లీలో మురుగు మోరీ పూడిక తీయించమని అడగాలి, తిరిగొచ్చి పెసరట్టు తినాలి, ఎనిమిదింటి ఫ్యాక్టరీ బస్సు అందుకోవాలి.

కాకినాడ నుంచి వచ్చి, సర్కారు ఫ్యాక్టరీలో గుమాస్తాగా చేరి, పటాన్‌చెరులో కాపురం పెట్టి అతనికి రెండేళ్లయింది. ఇంటిముందు మోరీ పూడిపోయి ఆరు నెలలయింది. అందులో పుట్టిన దోమల పుణ్యమా అని ఐదేళ్ల కూతురు మూడోసారి చలిజ్వరంతో మంచం పట్టింది.

సర్పంచి ఐలన్న వేపపుల్ల నములుతూ అంతా విన్నాడు.

"మనుషులు లేరు సారూ. వచ్చే నెల సూద్దాం."

"ఆర్నెల్ల నుంచీ ఇదే మాట అంటున్నారండీ!"

"గంత కోపముంటే కోర్టుకు పో. నేనొద్దంటనా?"

ఐలన్న ఎగతాళికన్నాడు. సూర్యారావు దాన్ని సలహాగా తీసుకున్నాడు. పెసరట్టూ తినలేదు, ఫ్యాక్టరీ బస్సూ ఎక్కలేదు. తిన్నగా సంగారెడ్డి వెళ్లి, తమ వైపు వాడేనని వకీలు వీర్రాజును పట్టుకుని, మేజిస్ట్రేటు కోర్టులో అర్జీ పెట్టించాడు. పదిహేను రోజుల తర్వాత తానే వచ్చి చూస్తానన్నాడు మేజిస్ట్రేటు.

"ఒక్క మాట గుర్తుంచుకోండి," అన్నాడు వీర్రాజు. "ఆ మురికే మన సాక్ష్యం. దొరగారు చూసేదాకా చెక్కు చెదరకూడదు."

మూడో రోజుకే చిక్కొచ్చింది. నోటీసు సంగతి విని ఇంటి యజమాని సంగయ్య, తన ఇంటి సంగతి కోర్టుకెక్కుతుందని హడలిపోయి, పార భుజాన వేసుకుని తనే మోరీలో దిగబోయాడు. సూర్యారావు ఒక్క ఉరుకున వెళ్లి పార పట్టుకున్నాడు.

"వద్దండీ! తియ్యకండి!"

"గదేంది సారూ? తియ్యమని కేసేసింది నువ్వే గదా?"

"వేశాను. అందుకే తియ్యకూడదు!"

సంగయ్య పార దించి, అద్దెకున్న మనిషి కళ్లలోకి జాలిగా చూశాడు. జ్వరం కూతురికి కాదు, తండ్రికే వచ్చిందనుకున్నాడు.

ఆనాటి నుంచి సూర్యారావు ఫ్యాక్టరీకి సెలవు పెట్టి, పగలూ రాత్రీ కుర్చీ వేసుకుని, గొడుగు చేతపట్టి, మోరీకి కాపలా కూర్చునేవాడు. ఎదురింట్లో పాలమ్మే మొగులమ్మ దీని మీద రెండు రోజులు ఆలోచించి ఒక నిర్ణయానికి వచ్చింది.

"తియ్యనిస్తలేడంటే కోర్టోళ్లు కొలతలకొస్తరనే! మోరీ మీదికొచ్చిన అరుగులన్నీ కూలగొడ్తరు. బర్లను జప్తు జేస్తరు. సూస్తుండుండ్రి!"

గల్లీలో మోరీ మీదికి రాని అరుగు ఒక్కటీ లేదు. మర్నాటి నుంచి మొగులమ్మ పాలు పోయడం మానేసింది. సంగయ్య ఇల్లు ఖాళీ చెయ్యమన్నాడు.

"ఏవండీ, పిల్లకి పాలు లేవు, మనకి ఇల్లు లేదు. మోరీ మాత్రం భద్రంగా ఉంది," అంది భార్య అన్నపూర్ణ. సూర్యారావు ఒళ్లు కాలిపోతున్న కూతురి పక్కన కూర్చుని, కోర్టు వచ్చేదాకా ఓర్చుకొమ్మని దానికీ చెప్పాడు.

ఆ రోజు రానే వచ్చింది. దారి చూపడానికి సూర్యారావు తెల్లవారకముందే సంగారెడ్డి వెళ్లి, మేజిస్ట్రేటుగారి జీపులో వెనక కూర్చున్నాడు. దారి పొడుగునా కంపును వర్ణిస్తూనే ఉన్నాడు. గల్లీ మలుపు దగ్గర, "సార్, ఇక చేతిరుమాలు తీయండి," అని హెచ్చరించాడు.

మేజిస్ట్రేటు ముక్కు గట్టిగా మూసుకుని దిగాడు. గల్లీ నిండా కళ్లాపి, ముగ్గులు. మోరీలో నీళ్లు గలగలా పారుతున్నాయి, అంచుల వెంట తెల్లగా సున్నం. అరుగుల రాళ్లు మాయమయ్యాయి, బర్రెలు ఎటు పోయాయో తెలియదు. కాపలా లేచిన మరుక్షణం గల్లీ అంతా పారలతో దిగి, బురదను రెండు బండ్లకెత్తి ఊరవతలికి తోలేసింది. ఆరు నెలలుగా దొరకని మనుషులు ఐలన్నకు ఆ పొద్దున పదిహేను మంది దొరికారు.

మేజిస్ట్రేటు రుమాలు మెల్లగా దించాడు. "ఏదయ్యా, మీ నరకం?"

"ఇదే సార్. అంటే... నిన్నటిదాకా..."

"ఆంధ్రా సారు దొరా," అంది మొగులమ్మ వినయంగా. "మన గాలి పడ్తలేదు పాపం!"

అర్జీ కొట్టివేశారు. కోర్టు సమయం వృథా చేసినందుకు సూర్యారావుకు చీవాట్లు, పారిశుధ్యంలో శ్రద్ధకు ఐలన్నకు మెచ్చుకోలు దక్కాయి. సూర్యారావు వారం రోజులు తల దించుకునే బస్సెక్కాడు.

పదో రోజుకు కూతురు మంచం దిగింది. పన్నెండో రోజున గల్లీలో తొక్కుడుబిళ్ల ఆడింది. పదమూడో రోజున మొగులమ్మ పిలవకుండానే చెంబుతో పాలు తెచ్చింది. "మా ముసలోనికి గూడ దోమల్లేక నిద్ర వడ్తుంది సారూ," అని గొణిగి, చెంబు పెట్టి వెళ్లిపోయింది. ఖాళీ చెయ్యమన్న సంగతి సంగయ్య మళ్లీ ఎత్తలేదు.

ఆ ఆదివారం వెనక గల్లీ పోశమ్మ పదిమందిని వెంటబెట్టుకుని వచ్చింది.

"సారూ, జెర మా గల్లీ మీద గూడ ఒక కేసెయ్యి."

"ఓడిపోతామమ్మా! కోర్టులో నా మొహం చూస్తేనే మండిపడుతున్నారు."

"ఓడిపోతే పోనీ సారూ. మోరీ సాఫయితది గదా!"

సూర్యారావు చొక్కా తొడుక్కున్నాడు. ఆ ఏడాది అతను వరసగా ఏడు కేసులు ఓడిపోయాడు.