టికెట్‌లో ఉన్న శవయాత్ర

ఆ శనివారం పొద్దున టూరు గైడు గుస్తావ్ రాష్కా వేసుకున్న పథకం చాలా చిన్నది. టికెట్టు కొన్న తొమ్మిదిమందిని వెంటబెట్టుకుని కోట దగ్గర బయలుదేరాలి, వంతెన దాటాలి, అవతలి ఒడ్డున నాలుగు వీధులు తిప్పాలి, అన్న శవం కంటపడకుండా తిరిగి రావాలి.

చేషిన్ ఊరి నడుమ ఓల్జా నది పారుతుంది. ఇవతల పోలండు, అవతల చెక్ దేశం. ఒకప్పుడు అంతా ఒకటే ఊరు. ఎక్కడో పెద్దమనుషులు బల్ల చుట్టూ కూర్చుని గీత గీస్తే రెండయింది. గీసినవాళ్లు పోయారు. గీతకు చెరోవైపు అన్నదమ్ములు మిగిలారు. వాళ్లలో అన్న రూడెక్ మొన్న పోయాడు. వంతెన పక్కన చావుకబుర్లు అంటించే బోర్డు మీద వానకు తడుస్తూ అతని పేరుంది. పదకొండింటికి చర్చిలో ప్రార్థన, ఆ తర్వాత శ్మశానం.

"అయితే వెళ్లరన్నమాట," అంది భార్య హలీనా, రొట్టెకు వెన్న రాస్తూ.

"వెళ్లనని అప్పుడే చెప్పాగా."

"అప్పుడాయన బతికున్నాడు."

"చచ్చాక వెళ్లననే చెప్పింది. బతికుండగా ఎటూ వెళ్లలేదు."

ఆ మాట నిజం. వంతెన మీద ఇంకా అడ్డుకర్ర, కాపలావాళ్లు ఉన్న రోజుల్లో వాళ్లమ్మ అవతలి ఒడ్డున పోయింది. గుస్తావ్ నల్లకోటు వేసుకుని వంతెన దాకా పరుగెత్తాడు. కాగితంలో ముద్ర సరిగా లేదని కాపలావాడు ఆపేశాడు. అన్న పూడ్చడం కాసేపు ఆపిస్తాడులే అనుకున్నాడు. పొగమంచులో అవతలి ఒడ్డు కనబడలేదు కానీ, అడ్డుకర్ర పట్టుకుని నిలబడితే నది మీదుగా చావుపాట వినబడింది. అది రూడెక్ వాయించే ట్రాంబోన్ అనే పొడుగు బాకా గొంతని పోల్చుకున్నాడు. తల్లిని పూడుస్తున్నారని ఆ కొడుక్కి అలా తెలిసింది. మర్నాడు అదే అడ్డుకర్ర దగ్గర నిలబడి, "నువ్వు చచ్చినా సరే, నీ శవం వెనక ఒక్క అడుగు వెయ్యను," అని ఒట్టు పెట్టుకుని అరిచాడు. రెండు దేశాలూ విన్నాయి.

ఇప్పుడు గుస్తావ్‌కు అన్న కంటే పెద్ద బాధ ఉద్యోగం. టూర్ల కంపెనీ నడిపే బొజేనా గారు అతన్ని పిలిచి కూర్చోమనకుండానే మాట్లాడింది. ఇప్పటికే రెండు ఫిర్యాదులు వచ్చాయి. "ఈ ఊరికి జనం ఎలా వస్తారండీ?" అని ఎవరో ముచ్చటపడి అడిగితే, "తప్పు రైలెక్కి," అన్నాడట. కొత్తగా పెళ్లైన జంట ఏకాంతంగా ఫోటో దిగే చోటు చూపించమంటే, పాతకాలంలో ఉరికంబం ఉన్న దిబ్బ చూపించాడట.

"ఈ శనివారం మీ గుంపులో మా మనిషి ఉంటారు," అంది బొజేనా. "ఎవరో చెప్పను. టూరు కాగితంలో అచ్చేసిన చోట్లన్నీ, అచ్చేసిన వేళకి చూపించాలి. ఇంకొక్క మాట పడిందంటే జనం చెవుల్లో ఊరి కథ చెప్పే యంత్రం పెట్టి పంపిస్తాను. యంత్రానికి నోటిదురుసు ఉండదు."

చదువు మధ్యలో మానేసినవాడికి, జుట్టు నెరిశాక, ఈ ఊళ్లో ఇంకో పని ఎవరూ ఇవ్వరు. యంత్రాలకైతే ఇస్తారు.

అందుకని గుస్తావ్ నల్లగొడుగు కొసకు ఎర్ర రిబ్బను కట్టుకుని, కోట దగ్గర నిలబడి, బొజేనా మనిషి ఎవరా అని చూశాడు. చాలాసేపు పట్టలేదు. గోధుమరంగు కోటు వేసుకున్న సన్నటి ముసలాయన ఒకడు ఎవరితోనూ మాట్లాడకుండా, అచ్చుకాగితం చేత్తో పట్టుకుని, మాటిమాటికీ గడియారం చూస్తున్నాడు. పక్కన రాదోమ్ నుంచి వచ్చిన లుద్వికా అనే భారీ మనిషి అందరి గొడుగుల కిందా దూరి కబుర్లు చెబుతోంది. ఆమె ఎవరి మనిషీ కాదని గుస్తావ్ తేల్చుకున్నాడు.

మొదటి చోటు అన్నదమ్ముల బావి. ముగ్గురు అన్నదమ్ములు ఏళ్ల తరబడి దేశాలు తిరిగి, ఆ బావి దగ్గర కలుసుకుని, పట్టరాని సంతోషంతో అక్కడే ఈ ఊరు కట్టారట. ప్రతి శనివారం గుస్తావ్ ఈ కథను పంటినొప్పి ఉన్నవాడిలా చెబుతాడు.

"తర్వాత వాళ్లు కలిసే ఉన్నారా?" అని అడిగింది లుద్వికా.

"కథలో అంతవరకే ఉందమ్మా. రాసినవాడు తెలివైనవాడు."

గోధుమకోటాయన తలెత్తి అతన్ని ఓసారి చూశాడు. ఇంకో ఫిర్యాదు పడిందనుకున్నాడు గుస్తావ్. పరిహారంగా వంతెన ముందరి బడ్డీలో హెర్రింగ్ చేపముక్క పెట్టిన రొట్టె కొని, వినయంగా అందించాడు.

"వద్దు బాబూ. ఇవాళ గొంతు దిగదు," అన్నాడాయన.

లంచం ముట్టని రకం. అలాంటివాళ్లే కొంపలు ముంచుతారు.

వంతెన దాటగానే గుస్తావ్ పథకం ప్రకారం ఎడమకు తిరిగాడు. కాగితంలో కుడికి అని ఉంది. కుడివైపు శ్మశానం. పట్టుమని పది అడుగులు వెయ్యకముందే వెనక నుంచి గోధుమకోటు దగ్గింది.

"కాగితంలో శ్మశానం కుడికని ఉంది కదా."

"వానగా ఉంది, బురద."

"పదకొండింటికి శ్మశానం అని ఇందులో అచ్చేశారు. నేను వచ్చిందే దానికోసం."

వచ్చిందే దానికోసమట. ఎంత ధైర్యంగా చెప్పాడు. గుస్తావ్ లెక్క వేసుకున్నాడు. పదకొండింటికి ప్రార్థన మొదలవుతుంది, పాస్టరు అరగంటైనా మాట్లాడతాడు, ఈలోపు శ్మశానంలోకి పోయి బయటపడవచ్చు. గొడుగెత్తి కుడికి తిప్పాడు.

లెక్క తప్పలేదు. కాకపోతే రూడెక్ స్వభావాన్ని అందులో కలపలేదు. జీవితమంతా పక్కింటివాళ్లతో, చర్చివాళ్లతో, పోస్టువాడితో తగాదా పడ్డ మనిషి గురించి పాస్టరు మంచిమాటలు వెతికితే మూడో నాలుగో దొరికాయి. ట్రాంబోన్ బాగా వాయించేవాడు అన్నమాటే రెండుసార్లు చెప్పి ప్రార్థన ముగించేశాడు. గుస్తావ్ గుంపు శ్మశానం గోడ పక్క సందులో సగం దూరం వెళ్లేసరికి వెనక డోలు మోగింది.

ఆ సందుకు ఒకపక్క గోడ, ఇంకోపక్క పైపుల కోసం తవ్వి వదిలేసిన గొయ్యి. పక్కకు తప్పుకునే చోటు లేదు. వెనక్కి తిరగడానికి లేదు. శవానికి ఎదురు నడిస్తే చూసినవాళ్లింట్లో ఇంకొకరు పోతారని రెండు ఒడ్డుల్లోనూ నమ్మకం. ఇక మిగిలింది ముందుకు నడవడమే. గుస్తావ్ అలవాటు కొద్దీ గొడుగు పైకెత్తి నడిచాడు. వెనక తొమ్మిదిమంది, ఆ వెనక రూడెక్ ఒకప్పుడు వాయించిన అగ్నిమాపక దళంవాళ్ల బ్యాండు, ఆ వెనక ఆ దళంలోనే ఇంకొందరు భుజాన మోస్తున్న రూడెక్. అందరి వెనక వదిన వ్లాస్తా, వేళ్లమీద లెక్కపెట్టగల బంధువులు.

మొగుడి శవం వెంట మనుషులుండరని వ్లాస్తా మూడు రోజులుగా ఏడుస్తోంది. శవం ముందు నడిచి సమాధి మీద నాటే కొయ్యసిలువ మోయాల్సింది ఇంటి మగవాడు. పిల్లలు లేరు, మరిది ఒట్టు పెట్టుకున్నాడు. అందుకని దళం నాయకుడు మోస్తున్నాడు. సందు మలుపులో ఆమె తల ఎత్తి చూస్తే అందరికంటే ముందు, వానలో గొడుగెత్తి, తొమ్మిదిమందిని తీసుకుని మరిది.

"మా మరిది వచ్చాడు. సిలువ ఆయనకియ్యండి," అంది.

దళం నాయకుడు బరువు వదిలించుకునే అవకాశం దొరికినవాడిలా పరుగెత్తుకొచ్చి గుస్తావ్ చేతిలో పెట్టేశాడు.

"నాకెందుకయ్యా ఇది?"

"నీ అన్నేగా. ఇప్పుడు గొడవెందుకు, నడు."

గుస్తావ్ గోధుమకోటు వైపు చూశాడు. ఆయన టోపీ తీసేసి వానలో తలతడుపుకుంటూ ఏడుస్తున్నాడు. తనిఖీ కోసం ఇంత దూరం వెళ్లేవాళ్లను గుస్తావ్ ఎప్పుడూ చూడలేదు. ఇలాంటివాడి ముందు సిలువ గోడకు చేరేసి పారిపోతే ఉద్యోగం అక్కడే పూడ్చేస్తారు.

లుద్వికా పక్కకొచ్చి గుసగుసలాడింది. "ఏమండీ, ఇది కూడా టికెట్‌లో ఉందా?"

గుస్తావ్ పళ్లు కొరుక్కుని, గోధుమకోటుకు వినబడేలా అన్నాడు. "ఉందమ్మా. అంతా టికెట్‌లోనే."

ఇక ఆపేవాడెవరు. లుద్వికా ఈ మాట మిగతావాళ్ల చెవిన వేసింది. శ్మశానంలో తొమ్మిదిమందీ శ్రద్ధగా సమాధి గొయ్యి చుట్టూ ముందు వరుసలో నిలబడ్డారు. ఒకాయన దగ్గర్నుంచి చూడాలని పాస్టరును కొంచెం జరగమన్నాడు. ఇంతమంది తెలియని మనుషులు రూడెక్ కోసం రావడం చూసి బంధువులు సిగ్గుపడ్డారు. పాస్టరుకైతే తన ప్రసంగం పొట్టిదైపోయిందన్న బాధ పట్టుకుంది. అది దిద్దుకోవాలని, "తమ్ముడు రెండు మాటలు చెబుతాడు," అన్నాడు.

తొమ్మిదిమందీ గైడు వైపు తిరిగారు. గోధుమకోటు కూడా తిరిగింది. గుస్తావ్ నోరు అలవాటైన దారి పట్టింది.

"మీకు ఎడమచేతి వైపు కనిపించేది మా అమ్మ సమాధి," అన్నాడు. "ఆమెను పూడ్చిననాడు నేను వంతెన మీద ఉన్నాను. కాపలావాడు వదల్లేదు. ఎదురుగా ఈ పెట్టెలో ఉన్నవాడు మా అన్న. నా కోసం ఒక్క గంట ఆపించలేదు. మేళం పెట్టి, తను ట్రాంబోన్ వాయిస్తూ పూడ్చాడు. అంతా నది మీదుగా విన్నాను. ఇక్కడ చూడాల్సింది ఇంతే."

వాన పెట్టె మూత మీద పడుతోంది. గోధుమకోటాయన మెల్లగా ముందుకొచ్చాడు.

"గుస్తావ్‌వి నువ్వేనా? నేను అలోయిజ్‌ని. అప్పట్లో మీ అన్న పక్కన నిలబడి బాకా ఊదేవాణ్ని. ఊరొదిలి చాలా ఏళ్లయింది, దారి గుర్తులేక, ఈ గుంపు శ్మశానానికి పోతుందని కాగితంలో చూసి టికెట్టు కొన్నాను."

"మీరు బొజేనా గారి మనిషి కాదా?"

"బొజేనా ఎవరు?" అన్నాడు అలోయిజ్. "విను. ఆనాడు ఆగమని రూడెక్ అప్పటి పాస్టరు కాళ్లు పట్టుకున్నంత పని చేశాడు. ఆ పాస్టరుకు ఇంకో చావు ఉంది, ఆగలేదు. రూడెక్ మమ్మల్ని ఇక్కడ వదిలేసి, ట్రాంబోన్ తీసుకుని వంతెన చివరికి పోయాడు. తమ్ముడికి వినబడాలి, వాడొక్కడే దూరంగా ఉండకూడదు అన్నాడు. నీకు వినబడింది ఇక్కడి మేళం కాదు. ఇక్కణ్నుంచి అంత దూరం వినబడదు. మీ అమ్మను పూడ్చేటప్పుడు ఇద్దరు కొడుకుల్లో ఒక్కడూ లేడు."

గుస్తావ్ సిలువను రెండు చేతులా పట్టుకున్నాడు. గొడుగు ఎప్పుడో జారిపోయింది.

"నాకెవరూ చెప్పలేదే."

"చెప్పమని నేనెన్నిసార్లు పోరానో," అంది వ్లాస్తా. "అరిచినవాడు వాడు, ముందు వాడే పలకరించాలి అనేవారు. ఇక్కడ ఆయన, అక్కడ నువ్వు. మీ అమ్మ మీ ఇద్దరికీ పాలకు బదులు మంకు పోసిందయ్యా."

గుస్తావ్ వంగి పిడికెడు బురద తీసి పెట్టె మీద వేశాడు. చెయ్యి తుడుచుకోలేదు. అతని వెనక తొమ్మిదిమందీ వరసగా వచ్చి తలో పిడికెడు వేశారు. మట్టి వేసినవాళ్లకు భోజనం పెట్టకుండా పంపడం అక్కడ పాపం. వ్లాస్తా అందరినీ మూలమీది హోటలుకు తీసుకెళ్లింది. కొద్దిమందికి చెప్పిన మాంసం చారులో వంటవాడు నీళ్లు కలిపాడు. కుడుములు సగానికి కోశాడు. లుద్వికా రెండోసారి వడ్డించుకుంటూ, "భోజనం కూడా టికెట్‌లోనే," అని పక్కవాళ్లకు చెప్పింది. గుస్తావ్ మాత్రం అలోయిజ్ పక్కన కూర్చుని ముద్ద ముట్టలేదు.

సాయంత్రం హలీనా తడిసిన కోటు విప్పుతూ బురద చూసింది.

"శవం వెనక అడుగు వెయ్యనన్నారుగా."

"వెయ్యలేదు. ముందు నడిచాను." బూట్లు విప్పుతూ, "అమ్మను పూడ్చిననాడు వాడు వంతెన దాకా వచ్చాడటే," అన్నాడు. హలీనా కోటు మీది బురద దులపకుండానే కొక్కేనికి తగిలించింది.

అప్పుడు ఫోను మోగింది. బొజేనా గొంతులో మునుపెన్నడూ లేని తీపి ఉంది. "మా మనిషి లుద్వికా గారు మిమ్మల్ని ఆకాశానికెత్తేశారండీ. ఆ శవయాత్ర, ఆ ప్రసంగం, చివర్లో భోజనం, ఇలాంటి టూరు దేశంలో ఎక్కడా లేదన్నారు. వచ్చే శనివారానికి రెండు గుంపులు నిండిపోయాయి. ఆ ముక్క మాత్రం తీసెయ్యకండి."

శవం తనే తెచ్చుకోవాలా, కంపెనీ ఇస్తుందా అని అడిగాడు గుస్తావ్. ఆలోచించి సోమవారం చెబుతానంది బొజేనా.