కనకలక్ష్మి మధ్యాహ్నం మీదుగా బైపాస్

దేవరగట్టుపేట నుంచి వచ్చే ఏడాదికి వేస్తున్న కొత్త బైపాస్ రోడ్డు గుండేటి కనకలక్ష్మి గారి ఒక మధ్యాహ్నం మీదుగా పోతున్నదని తేలడంతో, హద్దురాళ్ళు పాతడానికి కాలదారు కార్యాలయం వారు ఆమె ఇంటికి వచ్చారు.

వచ్చినవాడు సర్వేయర్ ముజీబ్. చంకలో కాలసూచి ఉంది. కుట్టుమిషను తలంత ఇత్తడి యంత్రం అది. పైన గాజుపలక, పలక కింద సన్నటి ముల్లు. ముల్లు ఎటు తిప్పితే అటువైపు కాలం పటంలా పలక మీద పరుచుకుంటుంది. పక్కనున్న పిడి నొక్కితే పటంలోని చోటికి మనిషి వెళ్ళిపోవచ్చు. ఈ యంత్రం రాకముందు జనం కాలంలో కాలినడకనే పోయేవారు. సోమవారం దాటితేగాని మంగళవారం వచ్చేది కాదు. ఎండాకాలం వస్తే ఊరు ఊరంతా నీళ్ళ ట్యాంకరు దగ్గర ఇరుక్కుపోయేది. బైపాస్ పూర్తయితే ఇవేవీ తగలకుండా పేట నేరుగా అభివృద్ధిలో దిగుతుందని ప్రభుత్వం ప్రకటించింది. ముందుకు పోయే రోడ్డు గతంలోంచి ఎందుకని ఒకరిద్దరు అడగకపోలేదు. అక్కడ కాలసేకరణ సులువనీ, చనిపోయినవారు అభ్యంతరాలు పెట్టరనీ ఇంజనీర్లు ఓపికగా వివరించారు.

కనకలక్ష్మి జాకెట్టు ముక్క కత్తిరిస్తూ ఉంది.

"అమ్మా, నీది ఒక మధ్యాహ్నం పోతది," అన్నాడు ముజీబ్.

"ఏ మధ్యాహ్నం?"

"వానకు సైకిల్ షాపు రేకుల కింద ఆగిండ్రు చూడు, నువ్వూ మీ సారూ. అది."

ఆమె కత్తెర కింద పెట్టింది.

ఆమె భర్త రాజేశం బస్సు కండక్టరు. పెళ్ళయినప్పటి నుంచి పోయేదాకా ఆయన బతుకంతా డబుల్ డ్యూటీల్లోనే గడిచింది. ఇంటికి వచ్చినా నిద్రలో కూడా స్టేజీల పేర్లు పిలిచేవాడు. వాగు పొంగి బస్సులు ఆగిపోయిన ఆ ఒక్క మధ్యాహ్నం మాత్రం ఆయనకు చేయడానికి ఏ పనీ లేకపోయింది. రేకుల కింద ఉడకబెట్టిన పల్లీలు తింటూ ఇద్దరూ మాట్లాడుకున్నారు. కనకలక్ష్మికి సంసారమంటే గుర్తున్నది దాదాపు అదే.

ముజీబ్ పిడి నొక్కాడు. ఇద్దరూ అక్కడికి వెళ్ళారు. వాన పడుతూనే ఉంది. రాజేశం పల్లీల పొట్లం పట్టుకుని కూర్చున్నాడు.

"ఎవరే ఈయన?" అన్నాడు.

"సర్వే ఆయన. ఇట్లకెల్లి రోడ్డు పోతదట."

"రోడ్డయితే మంచిదే గదా. బస్సులు తిరుగుతయి," అని రాజేశం కొలిచే టేపు పోవడానికి కాళ్ళు పక్కకు తీసుకున్నాడు.

కనకలక్ష్మి అభ్యంతరం పెట్టింది. విచారణకు పిలిచినప్పుడు ఇస్త్రీ చీర కట్టుకుని వెళ్ళింది. కాలదారు విశాలాక్షి మేడమ్ మర్యాదస్తురాలు. కుర్చీ వేయించి, మంచినీళ్ళు ఇప్పించింది.

"ఆ మధ్యాహ్నంలో కట్టడం ఏమైనా ఉందా అమ్మా?"

"లేదు మేడమ్. కూసొని మాట్లాడుకున్నం."

"పని ఏదైనా జరిగిందా? ఎవరికైనా జ్వరం, పెళ్ళిచూపులు, కనీసం ఒక తగాదా?"

"ఏం జరగలే. గందుకే అది నాకు కావాలె."

"ఏమీ జరగని కాలాన్ని మేము బీడు కింద రాస్తాం," అంది మేడమ్ నొచ్చుకుంటూ.

కనకలక్ష్మి తగ్గలేదు. గోడ మీది పటం దగ్గరకు వెళ్ళి వేలు పెట్టింది. "మరి రోడ్డు ఈడిదాక సక్కగ వచ్చి ఈడ ఎందుకు వంగింది? ఇదెవలది?"

అది మార్కెట్ కమిటీ చైర్మన్ గారి మామ నిద్రపోయిన ఒక మధ్యాహ్నం. ఆయన నిద్ర చెడకుండా రోడ్డును కాస్త వంచామని, ఆ వంపు నిబంధనలకు లోబడే ఉందని మేడమ్ చెప్పింది. ఆ నిద్రను గురక కారణంగా నిర్మాణంగా గుర్తించారు.

కాలం ఖాళీ చేయమని కబురు వచ్చిన రోజు, కనకలక్ష్మి ముజీబ్‌ను బతిమాలి పిడి నొక్కించుకుంది. వెళ్ళి రాజేశం పక్కన కూర్చుని కొంగు బిగించింది. ఎవరు పిలిచినా లేవనంది. వానలో బుల్డోజర్ వచ్చి ఆగింది. డ్రైవరు మంచివాడు, హారన్ కొట్టలేదు. ఇంజన్ మాత్రం ఆపలేదు.

"ఆ బండి ఎందుకు ఆగిందే?" అన్నాడు రాజేశం.

"మనం లేస్తలేమని."

"మనిద్దరి కోసం బండి ఆగిందా?" రాజేశం గబుక్కున లేచాడు. ఒకరిద్దరి కోసం బండి ఆపడం ఆయన జన్మలో ఎరగడు. "లే, లే. ఎనక ఎంతమంది ఉన్నరో ఏమో."

ఆమె చెయ్యి పట్టుకుంది. "నువ్వు యాడికి పోతవు? నీకు ఇది తప్ప ఏం మిగల్లే."

"నాకేమైతది? ఏదన్న బండి ఎక్కుత," అని మిగిలిన పల్లీలు ఆమె చేతిలో పోసి, వానలోకి నడిచాడు. బుల్డోజర్‌కు దారి చూపిస్తూ, కుడికి, ఇంకొంచెం కుడికి అని డ్రైవరుకు చేయి ఊపుతూ పోయాడు. కనకలక్ష్మి ఆయన వీపు కనబడినంతసేపు చూసింది. తర్వాత ముజీబ్ ఆమెను బయటికి తీసుకొచ్చాడు.

రోడ్డు బాగా వచ్చింది. ఇప్పుడు పేట జనం ఎండాకాలాన్ని తాకకుండా వెళ్ళిపోతున్నారు. అభివృద్ధి ఇంకా రాలేదు గాని, దానికి చేరువలో ఉన్న టోల్‌గేటు దాకా వెళ్ళి వరుసలో నిలబడుతున్నారు.

కనకలక్ష్మికి పునరావాస కాలనీలో బదులు మధ్యాహ్నం ఇచ్చారు. అక్కడ మధ్యాహ్నాలన్నీ ఒకే కొలత, ఒకే ఎండ, ఒక్కోదానికి ఒక సిమెంటు బెంచీ. ఆమె వెళ్ళేసరికి బెంచీ మీద తెల్లచొక్కా తొడుక్కున్న ఒక పెద్దమనిషి కూర్చుని ఉన్నాడు.

"నువ్వు మా సుగుణవేనా?" అన్నాడు ఆశగా.

"కాదు. నేను రాజేశం భార్యను."

ఆయన తల వంచుకున్నాడు. ఆయన మధ్యాహ్నం చెరువు పనుల కింద పోయిందట. భార్యను ఏ వరుసలో వేశారో కార్యాలయంలో ఎవరికీ తెలియదు. భార్యాభర్తలకు ఒక మధ్యాహ్నం అని లెక్క వేసి మనుషులను సర్దారు, ఎవరు ఎవరో తర్వాత సరిచేస్తామన్నారు.

"దంపతులు కాదని తేలితే ఇది గూడ గుంజుకుంటరట," అన్నాడాయన మెల్లగా.

కనకలక్ష్మి బెంచీ మీది దుమ్మును కొంగుతో దులిపింది. తర్వాత బెంచీకి ఈ చివర కూర్చుంది.

అంతలో విశాలాక్షి మేడమ్ తనిఖీకి వచ్చింది. "ఎలా ఉందమ్మా కొత్త మధ్యాహ్నం? ఈయన మీ వారేనా?"

"ఆ. మావారే," అంది కనకలక్ష్మి.

"సంతోషం," అని మేడమ్ ముందుకు నడిచింది. ఆమె రాకను చూసి, పక్క మధ్యాహ్నంలో బెంచీకి చెరో చివర కూర్చున్న ఇద్దరు కొత్తవాళ్ళు గబగబా దగ్గరికి జరిగారు.