కట్ చెప్పడం మరిచిన సీను

ఆ ఉదయం దర్శకుడు అనుకున్నది చాలా చిన్న పని. నగరంలో ఒక జంట విడిపోయే సినిమాకి మిగిలింది వంటగదిలో ఆఖరి గొడవ ఒక్కటే. పెట్టుబడి అంతంతమాత్రం కనుక వంటగది సొంతదే, హీరోయిన్ సొంత భార్యే. అరువు కెమెరా మాత్రం పన్నెండింటికల్లా తిరిగిచ్చేయాలి. ఈలోగా సీను పడకపోతే రెండేళ్ల కష్టం నీళ్లపాలు.

సరిగ్గా పదకొండింటికి, జ్వరమంటూ హీరో ఫోన్ చేశాడు.

దర్శకుడు బెంబేలెత్తలేదు. హీరో చొక్కా తానే తొడుక్కుని, కెమెరాకి వీపు పెట్టి నిలబడ్డాడు. "వీపేగా, ఎవరిదైతేనేం! నేను కట్ అనేదాకా ఆపకు. ఇల్లు కూలినా సరే," అని కెమెరామన్‌తో గట్టిగా చెప్పాడు.

భార్య మొదలెట్టింది. "మూడు నెలలైంది నువ్వు నన్ను చూసి. చూస్తావులే, ఫ్రేములో ఉన్నానా లేదా అని!"

"అది డైలాగులో లేదు," అని గొణిగాడు దర్శకుడు.

"నిన్న ఏడుస్తుంటే ఏమన్నావు? లైటు బాగుంది, కదలకు అన్నావు!"

దర్శకుడు సినిమా సంగతే మరిచిపోయాడు. గొంతులు పైకి లేచాయి. పై అంతస్తులో కాపురముంటున్న అత్తగారు గరిటెతో సహా దిగివచ్చింది.

"ఏం బాబూ, నా కూతురు ఏడుస్తుంటే లైటు చూశావా?"

కెమెరామన్ బుద్ధిగా కెమెరా ఆవిడ వైపు తిప్పాడు. దర్శకుడూ కెమెరా వైపు తిరిగాడు. అతని కళ్లు చెమర్చాయి.

"తప్పు నాదే. ఈ పిచ్చిలో పడి నిన్ను మనిషిగా కూడా చూడలేదు. క్షమించవే," అన్నాడు భార్యతో. ఆమె ముక్కు ఎగబీల్చి, అతని భుజం మీద తల వాల్చింది. అంతలో కెమెరా బ్యాటరీ అయిపోయింది.

"అంతా తీశావా?" దర్శకుడు అదిరిపడ్డాడు.

"ఇల్లు కూలినా ఆపొద్దన్నావు కదన్నా!"

టైము పన్నెండుకి పది నిమిషాలు తక్కువ. కెమెరా కార్డు కంప్యూటర్‌లో పెట్టి, నలుగురూ తలలు ఆనించి చూశారు. రెండేళ్లలో తీసిన సీన్లన్నిటిలోకీ అదే గొప్పగా ఉంది. కానీ విడిపోవలసిన జంట కలిసిపోయింది, పైగా మొగుడి ముఖం హీరోది కాదు, దర్శకుడిది. దర్శకుడు తల పట్టుకున్నాడు.

భార్య తేలిగ్గా నవ్వింది. "ఇంకేం, హీరోని వదిలేసి నీ దగ్గరికొచ్చేశాననుకుంటారు. విడిపోయినట్టూ ఉంటుంది, కలిసినట్టూ ఉంటుంది."

దర్శకుడు ఆనందం పట్టలేక భార్య రెండు చేతులూ పట్టుకున్నాడు. ఈసారి లైటు చూడలేదు.

అత్తగారికి మాత్రం ఒక్క అనుమానం మిగిలిపోయింది: ఇంతకీ సినిమాలో తాను ఎవరికి అత్తగారు?