ముత్తాత ఊరు విడిచిన కాగితం

అమెరికాలోని విస్కాన్సిన్‌లో ఎవరైనా పుట్టవచ్చు, పెరగవచ్చు, ఆవుల్ని పితుక్కుంటూ బతికెయ్యవచ్చు. కానీ ముత్తాత జర్మనీ నుంచి వచ్చాడని చెప్పుకునే హక్కు మాత్రం, ఆయన అక్కడ బయల్దేరాడని రుజువు చూపినవారికే ఉంటుంది. ఇది మా కౌంటీ జర్మన్ మూలపురుషుల సంఘం వారి పద్నాలుగో నిబంధన. (మొదటి పదమూడూ కాఫీ ఎవరు కాయాలన్న దాని గురించి.)

ఈ నిబంధన వెర్లీన్ డిట్‌మార్ నెత్తిన పడింది. వచ్చే వేసవిలో సంఘం వారు చర్చి ముందు తొలి వలసదారుల పేర్లు చెక్కిన రాయి నిలబెడతారట. తొంభై ఒక్కేళ్ల ఆమె తండ్రి ఎల్రాయ్‌కి మిగిలిన కోరికల్లా దాని మీద తన ముత్తాత ఒట్మార్ పేరు చూసుకోవడమే. ఆ చర్చి గోడలు కట్టింది ఒట్మారే. ఆయన సమాధి కూడా ఆ ఆవరణలోనే ఉంది.

"సమాధి ఆయన ఇక్కడ పోయాడని చెబుతుందమ్మా, వచ్చాడని చెప్పదు" అన్నాడు సంఘం కార్యదర్శి లోథార్ క్నైప్, వెర్లీన్ చేసిన బంగాళాదుంపల సలాడ్ రెండోసారి వడ్డించుకుంటూ. "ఊరు విడవడానికి అధికారులిచ్చిన అనుమతి పత్రం ఏదీ?"

"పటాలంలోకి లాక్కుపోతారని చెప్పాపెట్టకుండా పారిపోయినవాడు అనుమతి అడుగుతాడేంటండీ!"

"అడిగుండాల్సింది" అన్నాడు క్నైప్ బాధగా.

వెర్లీన్ జర్మనీలోని దస్తావేజుల కార్యాలయానికి ఉత్తరం రాసింది. ఎనిమిది నెలలకు జవాబొచ్చింది. "ఒట్మార్ డిట్‌మార్, జననం 1831. ఊరు విడిచినట్టు నమోదు లేదు. మరణించినట్టూ లేదు. కనుక ఇక్కడే నివసిస్తున్నట్టు భావిస్తున్నాము. 1852లో సైనిక పరీక్షకు హాజరు కానందుకు సంజాయిషీ మూడు ప్రతుల్లో పంపగలరు."

"కాళ్ల నొప్పులని రాసెయ్యవే" అన్నాడు ఎల్రాయ్. నవ్వాడే గాని ఆ పూట అన్నీ కంచంలోనే వదిలేశాడు.

వేసవి వచ్చింది, రాయి మీద తెర తీశారు. మొట్టమొదటి పేరు క్నైప్ ముత్తాతది. ఒట్మార్ పేరు ఎక్కడా లేదు.

"మావాడి కాగితం ఒక్కటీ పోలేదు!" క్నైప్ ఉప్పొంగిపోయాడు. "ఊరి పెద్దల తీర్మానం, ముగ్గురు అధికారుల ముద్రలు. ఓడ టికెట్ కూడా ఊరివాళ్లే కొనిచ్చారు."

"అంత మర్యాద దేనికయ్యా?" అన్నాడు ఎల్రాయ్.

క్నైప్ గొంతు తగ్గించాడు. "గుర్రాల దొంగ. జైల్లో మేపలేక సాగనంపారు." (పద్నాలుగో నిబంధన పత్రాల గురించే గాని ప్రవర్తన గురించి కాదు.)

ఎల్రాయ్ ముత్తాత కట్టిన గోడకు చెయ్యి ఆనించి కళ్లు తుడుచుకున్నాడు. "మా పిచ్చి ముసలాయన కూడా ఒక్క గుర్రాన్నైనా ఎత్తుకెళ్లి ఉండాల్సింది, వెర్లీన్."

"ఎత్తుకెళ్లినా నోటిమాటగా అంటే చెల్లదు పెద్దాయనా" అన్నాడు క్నైప్ ఎంతో దయగా. "కోర్టు తీర్పు నకలు జతచెయ్యాలి."